మోగని చెట్టు

బండను కొట్టి చూడటం నా పని. భూగర్భ గనిలో ముప్పై నాలుగేళ్ళు అదే చేశాను. బొగ్గు తీసేశాక నెత్తి మీద మిగిలే రాతి కప్పును మేము బండ అంటాం. షిఫ్టు మొదలుకాగానే పొడవాటి ఇనుప కడ్డీతో దాన్ని కొట్టి, చెవి ఒగ్గి వినాలి. ఖంగుమని మోగిందా, కింద మనుషులు నిలబడొచ్చు. మోగకుండా డొల్లగా పలికిందా, లోపల పొర విడిపోయిందన్న మాట. అప్పుడు కింద దిమ్మెలు పెట్టి నిలబెట్టాలి. లేదంటే అది మన మీద పడకముందే మనమే దింపేయాలి. దింపే వేళ ఆలోచిస్తూ కూర్చునేవాడు ఆ పనికి పనికిరాడు.

ఈ రోగం నాతో పాటు ఇంటికీ వచ్చింది. తలుపు చెక్కలు, నీళ్ళ డ్రమ్ములు, పుచ్చకాయలు, దేన్నైనా వేలి కణుపులతో రెండుసార్లు కొడితే తప్ప నాకు నమ్మకం కుదరదు. ఒకసారి చుట్టాల గృహప్రవేశానికి వెళ్ళి, భోజనాల మధ్యలో లేచి హాల్లో ఉన్న పిల్లరు కొట్టి చూశాను. ఆ ఇంటాయన ఏడాది పాటు నాతో మాట్లాడలేదు. నా భార్య మాత్రం కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది. కొత్తవాళ్ళెవరైనా మా ఇంటికొస్తే, ఈయన ముందు తల వంచకండి, కొట్టి చూస్తాడు అని ముందే చెప్పేది.

మాకు పిల్లలు లేరు. సెంటినరీ కాలనీలో కంపెనీ క్వార్టరు, రెండు గదులు, వంటిల్లు, వెనక కొంచెం పెరడు. అందులో ఆమె, నేను. నా రిటైర్మెంటుకు ఇంకా పది నెలలుందనగా, వానాకాలంలో ఆమె పోయింది.

దగ్గు తగ్గడం లేదని దవాఖానకు తీసుకుపోయాను. డాక్టరు ఆమెను స్టూలు మీద కూర్చోబెట్టి, వీపు మీద ఒక అరచెయ్యి ఆనించి, రెండో చేతి వేలితో దాని మీద కొట్టి చూశాడు. అది నా పనే. ఒక పక్క మోగింది. రెండో పక్క మోగలేదు. ఆయన ఎక్స్‌రే రాసిచ్చే లోపలే నాకు తెలిసిపోయింది. ఆమె నా మొహం చూసి ఏమైందని అడిగింది. ఏం లేదన్నాను. అక్కడి నుంచి ఆరు వారాలు. ఆ చోట పెట్టడానికి నా దగ్గర దిమ్మె లేదు.

మనిషి పోతే ఇల్లు బోసిపోతుందంటారు. నిజమే గానీ, అది ఒక్కసారిగా పోదు, రోజుకింత పోతుంది. మధ్యాహ్నం పక్కనున్న ఓపెన్ కాస్టు గనిలో బ్లాస్టింగు చేసినప్పుడు మా కాలనీ ఇళ్ళన్నీ ఒక్క క్షణం అదురుతాయి. అలవాటైన వాళ్ళం, పట్టించుకోం. ఆమె పోయిన పదో రోజో పదకొండో రోజో, ఆ అదురుకు వంటింటి అరుగు మీద నుంచి గ్లాసు ఒకటి కింద పడింది. మర్నాడు గిన్నె. ఆ మర్నాడు ఉప్పు డబ్బా. ఇన్నేళ్ళలో ఏనాడూ పడని సామాను ఇప్పుడెందుకు పడుతోందని తిట్టుకుంటూ చూస్తే విషయం అర్థమైంది. రోజూ ప్రతి అదురుకీ గిన్నెలు వేలెడు ముందుకు జరుగుతాయి. రోజూ ఎవరో వాటిని వెనక్కి నెట్టి పెట్టారు. ఆ ఎవరో ఎవరో నాకిప్పుడు తెలిసింది. ఆ రోజు అన్నం వండుకోలేదు.

నాకు నాలుగు ముక్కలు రాసుకునే అలవాటుంది. గని గురించే రాసేవాణ్ణి. చీకటి, బండ, చెమట, పడిపోయిన తోటి మనుషులు. ఆమెకు చదువు రాదు. డ్యూటీ నుంచి వచ్చాక చదివి వినిపిస్తే, కూరగాయలు తరుగుతూ వినేది. బాగుందనీ అనదు, బాగాలేదనీ అనదు. ఒకే ఒక్కసారి మాత్రం కత్తిపీట మీద నుంచి తలెత్తి అడిగింది.

"నీ రాతల్ల ఒక్క ఆకు గూడ లేదేంది?"

నాకు కోపం వచ్చింది. గనిలో ఆకులుంటాయా అన్నాను. ఆమె వంకాయ తరుక్కుంది. ఆమె పోయాక నోటుబుక్కు తీయనే లేదు. వినేవాళ్ళు లేనప్పుడు ఎవరి కోసం రాయాలి? బయట ఎవరైనా అడిగితే తీరిక లేదని చెప్పేవాణ్ణి. నా దగ్గర తీరిక తప్ప ఏమీ లేదు.

ఇక చెట్టు సంగతి. పెరట్లో ఒక దేవగన్నేరు ఉంది. మా మొదటి క్వార్టరు గోలేటిలో. అక్కడి నుంచి ఇటు ట్రాన్స్‌ఫర్ అయినప్పుడు లారీలో మంచం, బీరువా, బొగ్గుల పొయ్యి, వాటితో పాటు ఆమె ఒక బోడి కర్ర ఎక్కించింది. ఎంత బోడి అంటే, దాన్ని గొడ్లు తోలే కర్ర అనుకుని లారీ డ్రైవరు గొడ్లను కూడా తీసుకొస్తున్నారా అన్నాడు. నేనూ అతనితో కలిసి నవ్వాను. ఆమె ఆ కర్రను పెరట్లో గుచ్చింది. అది చెట్టయింది. ప్రహరీ దాటింది. వేసవి పొడుగునా తెల్లటి పూలు, మధ్యలో పసుపు. రాలిన పూలు ఏరి పళ్ళెంలో నీళ్ళు పోసి వేసి, దేవుడి దగ్గర ఒకటి, నా టిఫిన్ డబ్బా పక్కన ఒకటి పెట్టేది. ఆ చెట్టు గురించి నాకు తెలిసిందంతా ఇంతే.

ఆ డిసెంబరులో చెట్టు ఆకులు రాల్చడం మొదలుపెట్టింది. మొదట నాలుగు, తర్వాత పది, తర్వాత రోజూ గంపెడు. అరచెయ్యంత పొడవుండే ఆకులు పచ్చబడి, గోధుమ రంగుకు తిరిగి, పెరడంతా పరుచుకున్నాయి. నేను వాటిని ముట్టుకోలేదు. ఎందుకు ముట్టుకుంటాను? చెట్టు చచ్చిపోతోందని నాకు స్పష్టంగా అర్థమైంది. పొద్దున పంపు కాడికి వెళ్తే ఆకుల మీద అడుగులు పరపరమనేవి. జనవరి వచ్చేసరికి ఒక్క ఆకు లేదు. మొద్దు వేళ్ళలాంటి కొమ్మలు, అంతే. ఆమె చేతి చెట్టు ఆమె వెనకాలే పోతోంది అనుకున్నాను. ఇన్నేళ్ళు ఆకు రాల్చని చెట్టు ఈ ఏడే రాల్చిందంటే ఇంకేమనుకోవాలి?

ఒక వారపు సెలవు రోజు మధ్యాహ్నం పెరట్లోకి వెళ్ళి, గడ్డపార తీసుకుని చెట్టు మొదలు మీద కొట్టి చూశాను. మోగలేదు. కొంచెం పైన కొట్టాను. అక్కడా మోగలేదు. మెత్తగా, లోపలెక్కడో నీళ్ళున్నట్టు పలికింది. ఆ చప్పుడు నేను విన్నదే. దవాఖానలో స్టూలు పక్కన నిలబడి విన్నదే. నా ఒళ్ళు మండిపోయింది. మళ్ళీ ఆరు వారాలు కూర్చుని చూడాలా? ఒకసారి చూశాను, చాలు. మోగని దాన్ని నిలబెట్టలేకపోతే దింపేయాలి. నాకు వచ్చిన పని అదొక్కటే.

గొడ్డలి తెచ్చాను. మొదటి దెబ్బకే పాలు కారాయి. చిక్కటి తెల్లటి పాలు గొడ్డలి అంచు మీదికి, అక్కడి నుంచి నా చెప్పు మీదికి చుక్కలు చుక్కలుగా పడ్డాయి. చూశాను. చూడలేదని ఇప్పుడు అబద్ధం చెప్పను. చచ్చిన బొగ్గులోంచి కూడా నీళ్ళు కారుతాయి అనుకున్నాను, మళ్ళీ కొట్టాను. నడుమెత్తు మొద్దు మిగిలేదాకా కొమ్మలన్నీ నరికేశాను. వాటిని గోడ పక్కకు ఈడ్చి పడేసి, పెరటి తలుపు గడియ పెట్టాను. చేతులకు అంటిన పాలు రెండు రోజులు సబ్బుకు పోలేదు.

పక్క క్వార్టరులో, గుమస్తాగా పనిచేసే తన కొడుకుతో పాటు ఒక రిటైర్డ్ టీచరమ్మ ఉంటుంది. నా భార్యకు ఈ కాలనీలో ఉన్న ఒకే ఒక్క స్నేహితురాలు. ఆమె గనక ఊళ్ళో ఉండుంటే నా చెయ్యి పట్టుకుని ఆపేది. క్రిస్మస్‌కు వరంగల్‌లో కూతురి దగ్గరికి వెళ్ళి, మనవరాలు పుడితే అక్కడే ఆగిపోయింది. ఆమె కొడుకు గొడ్డలి చప్పుడు విని గోడ మీద నుంచి చూసి, కట్టెలకా అన్న అని అడిగి లోపలికి వెళ్ళిపోయాడు.

తర్వాతి రెండు నెలల గురించి చెప్పడానికి పెద్దగా ఏమీ లేదు. చలి. ఉదయం ఏడింటి షిఫ్టుకు వెళ్ళేటప్పుడు మంచు, పొయ్యిల పొగ కలిసి దీపపు స్తంభాలు కూడా కనబడేవి కావు. మూడింటికి పైకి వస్తే ఎండ ఉండేది గానీ, దానితో ఏం చేసుకోవాలో నాకు తెలిసేది కాదు. గోదావరిఖని బస్టాండు కాడ షేర్ ఆటో దిగి, రెండు అరటిపళ్ళు కొనుక్కుని, ఇంకో ఆటో ఎక్కకుండా అక్కడే నిలబడి వచ్చేపోయే జనాన్ని చూసేవాణ్ణి. ఇంటికి త్వరగా వెళ్ళాల్సిన మనుషుల్ని చూస్తే ఈర్ష్యగా ఉండేది. వంటింటి కిటికీలోంచి పెరడు కనబడుతుందని దానికి పాత చీర కట్టాను. శివరాత్రికి చలి శివశివా అంటూ పోతుందంటారు. పోయింది. దారిలో మోదుగులు ఎర్రగా పూశాయి, ఎవరి పెరట్లోనో మామిడి పూత వాసన వచ్చింది. అవన్నీ ఎదుటివాళ్ళ ఇంటి పెళ్ళిలా అనిపించాయి. మనకు పిలుపు లేదు.

కాముని పున్నమి ముందు రోజు సాయంత్రం మా లైను వాళ్ళు నలుగురు తోపుడు బండి వేసుకుని ఇంటింటికీ వచ్చారు. కాముణ్ణి కాల్చడానికి ఎండు కట్టెలు కావాలి. మా దగ్గర ఏటా ఇదొక పద్ధతి. ఇంట్లో పనికిరాని కర్ర సామాను ఆ మంటకు ఇచ్చేస్తే పాత ఏటి పీడ పోతుందని పెద్దవాళ్ళు అనేవారు. మీ పెరట్లో గన్నేరు కొమ్మలున్నయట కద కాక అన్నారు. తీసుకుపొండి, నాకూ పీడ పోతుంది అన్నాను. వాళ్ళను ముందు గదిలో నిలబెట్టి, రెండు నెలల తర్వాత పెరటి తలుపు గడియ తీశాను.

అన్నిటికన్నా మీదున్న కొమ్మను పట్టుకుని లాగాను. తోలు ముడతలు పడి తేలికైపోయింది. అది కదిలితే కింది కొమ్మ బయటపడింది. దాని చివర పూలున్నాయి.

రెండు విచ్చుకున్నాయి, ఐదారు మొగ్గలు. తెలుపు, మధ్యలో పసుపు. వేరు లేదు, మట్టి లేదు, రెండు నెలలుగా ఒక చుక్క నీళ్ళు పోసినవాడు లేడు. గోడ పక్కన సిమెంటు మీద పడి ఉన్న నరికిన కొమ్మ. పక్కదానికి మొగ్గలు లేవు గానీ చివర పచ్చగా, గోరంత ఆకులు రెండు ముడుచుకుని ఉన్నాయి. ఆ పక్కది కూడా అంతే. అక్కడే సిమెంటు మీద కూర్చుని ఆ పూలను వేలితో ముట్టి చూశాను.

ముందు గదిలోంచి కాక, కొమ్మలు అని పిలిచారు. లేచి వెళ్ళి, ఆ కొమ్మలు ఇవ్వనని చెప్పాను. మాట తప్పినవాడి కింద జమకట్టకుండా చేతికందిన పాత కుర్చీ, విరిగిన మంచం పట్టెలు ఇచ్చి పంపించేశాను. వెనక్కి వచ్చేసరికి గోడ అవతల టీచరమ్మ నిలబడి ఉంది. వారం కిందట ఊరు నుంచి వచ్చిందట. ఆ వారమంతా నేను రెండో షిఫ్టులో ఉండి, ఆ రోజే సెలవు దొరకడం వల్ల ఎదురుపడలేదు. మొద్దు వైపు చూస్తోంది.

ఎందుకు నరికినవ్ తమ్మీ అని అడిగింది. చచ్చిపోయిందనుకున్నానని చెప్పాను. ఆకులన్నీ రాలిపోయాయని, కొట్టి చూస్తే మోగలేదని చెప్పాను. మోగలేదు అన్న మాటకు ఆమె తిట్టబోయి మానుకుందని నాకర్థమైంది.

"గిది ఏటా గిట్లనే మోడైతది తమ్మీ. సలికాలం ఒక్క ఆకుండదు. నీకు తెల్వదా?"

తెలియదన్నాను. ఈ ఇంట్లో ఇరవై ఆరేళ్ళున్నాను, ఏనాడూ పెరట్లో ఒక్క ఎండుటాకు చూడలేదన్నాను.

"ఎట్ల జూస్తవ్. ఆమె తెల్లారకముందే ఊకి అవుతల పారబోసేది. డ్యూటీ దిగి అర్ధరాత్రొచ్చి పండుకుంటడు, సప్పుడైతే లేస్తడని చీపురు గూడ నేలకు గట్టిగ ఆననియ్యకపోయేది."

నేను గోడ పట్టుకుని ఏడ్చాను. ఆమె పోయిన రోజు ఏడ్చిందానికంటే ఎక్కువ ఏడ్చాను. ఇరవై ఆరు చలికాలాలు. నా నిద్ర కోసం ఆమె చలికాలాన్నే ఊడ్చి అవతల పారబోసింది. కొమ్మలు బోడిగా ఉండటం కనబడలేదా అని మీరడగొచ్చు. కనబడే ఉంటుంది. నేను తల ఎత్తి చూసింది గని లోపలే. బయట తల ఎత్తాల్సిన అవసరం ఉందని ఎప్పుడూ అనుకోలేదు.

టీచరమ్మ నన్ను ఏడవనిచ్చింది. తర్వాత, కళ్ళు తుడుచుకో, పనుంది అంది. దేవగన్నేరు కొమ్మను నరికిన వెంటనే నాటితే కుళ్ళిపోతుందట. పాలు ఆరి, కోసిన చోట గట్టిపడేదాకా నీడన పడేయాలట. గోలేటి నుంచి తెచ్చిన కర్రను కూడా నా భార్య ఇరవై రోజులు మంచం కింద పెట్టి, ఆ తర్వాతే నాటిందట. నేను ఆ మంచం మీదే పడుకున్నాను. "తెల్వకనే మంచి పని జేసినవ్" అంది టీచరమ్మ. అది క్షమించడమో ఎత్తిపొడుపో నాకిప్పటికీ తెలియదు.

మర్నాడు అందరూ రంగులు చల్లుకుంటుంటే నేను పెరట్లో కొమ్మలు ఏరి వేరు చేశాను. కొమ్మలు పదకొండు. నాలుగు పనికిరాకుండా పోయాయి. రెండు టీచరమ్మ చర్చి కాడ నాటడానికి తీసుకుంది. మిగతావి లైను పొడుగునా అడిగినవాళ్ళకిచ్చి, పూలు పూసిన కొమ్మను నా కోసం పెయింటు డబ్బాలో నాటుకున్నాను. ఉగాదికి పెరట్లోని మొద్దు కూడా పక్కల నుంచి చిగురు పెట్టింది. ఎర్రెర్రగా, కోడి ముక్కుల్లా. మోగుతుందా లేదా అని చూడబుద్ధయింది. చెయ్యి జేబులో పెట్టుకున్నాను.

ఆ రాత్రికో మరుసటి రాత్రికో నోటుబుక్కు తీశాను. పాత పేజీలన్నీ తిరగేస్తే ఆమె చెప్పింది నిజమే, ఒక్క ఆకు లేదు. కొత్త పేజీలో దేవగన్నేరు ఆకు ఎలా ఉంటుందో రాయబోతే రాలేదు. లేచి టార్చి లైటు పట్టుకుని పెరట్లోకి పోయి, చూసి వచ్చి రాశాను. చదివి వినిపించడానికి ఎవరూ లేరు. గట్టిగానే చదివాను. వంటింట్లోంచి జవాబేమీ రాలేదు. అయినా మర్నాడూ రాశాను.

మే ఆఖరున రిటైరయ్యాను. దండలు వేశారు, శాలువా కప్పారు, నాలుగు మంచి మాటలు చెప్పారు. క్వార్టరు ఖాళీ చేయాలి గనక గోదావరిఖనిలో మేడ మీద ఒక గది అద్దెకు తీసుకున్నాను. అక్కడ పెరడు లేదు, పెయింటు డబ్బా పెట్టుకునేంత వరండా ఉంది. ఇల్లు అప్పజెప్పే వారంలో ఒక ఆదివారం ఆ క్వార్టరు కొత్తగా అలాట్ అయిన అతను భార్యను తీసుకుని చూసుకోవడానికి వచ్చాడు. ఓపెన్ కాస్టులో డంపర్ నడుపుతాడట. ఆమె వంటింట్లో అరుగు కొలుచుకుంటోంది. బ్లాస్టింగుకు గిన్నెలు జరుగుతాయమ్మా, అంచు నుంచి దూరంగా పెట్టుకో అన్నాను. అతను పెరట్లోకి వెళ్ళి మొద్దు చుట్టూ తిరిగాడు. అప్పటికి అది నా భుజమెత్తు ఆకులతో నిండుగా ఉంది.

బైకు పెట్టుకోవడానికి అడ్డముంది, తీసేద్దామనుకుంటున్నా కాక అన్నాడు.

నేనెవర్ని వద్దనడానికి? ఇల్లు నాది కాదు, చెట్టు నాది కాదు. నేను కోపం ముందొచ్చే మనిషిని. కానీ గొడ్డలి నాటు ఇంకా తెల్లగా కనబడుతున్న ఆ మొద్దు పక్కన నిలబడి, ఎవరి మీద కోపం చేయగలను? దాన్ని నరికింది నేనేనని చెప్పాను. ఎందుకు నరికానో, నా భార్య తెల్లవారుజామున ఏం చేసేదో, మొదటి నుంచి చివరిదాకా చెప్పాను. పరాయివాడికి అంత మాట చెప్పడం నాకదే మొదటిసారి. అతను వంటింటి వైపు ఒకసారి చూశాడు. ఆమె చేతి గాజుల చప్పుడు వినబడుతోంది. బండి ఇంటి ముంగట పెట్టుకుంట కాక, చెట్టు ఉండనీ అన్నాడు.

"సలికాలం మోడైతది. సచ్చిందనుకోకు. ఆకులు మాత్రం నువ్వే ఊకు. ఆమెను ఊకనియ్యకు."

అతను నవ్వి సరే అన్నాడు.

పాత చీపురు కొత్త ఇంటికి తీసుకుపోకూడదంటారు. ఆమె చీపురు తలుపు వెనకే ఉంది, నేనూ తీసుకుపోదలచుకోలేదు. చీపురు ఒకరి చేతి నుంచి ఇంకొకరి చేతికి ఇవ్వకూడదని కూడా అంటారు గనక చెట్టు మొదట్లో నేల మీద పెట్టాను. అతను వంగి తీసుకున్నాడు.